అమెరికా టెలివిజన్‌లో తొలినాటి కళాశాల

ఒక దేశపు విద్యాలయము ఎట్లుండునో ఆ దేశమున చదివినవారికి తెలియును. చదువనివారికి అది విన్న మాటల వలనను, చదివిన కథల వలనను, చూచిన బొమ్మల వలనను ఏర్పడిన ఊహ మాత్రమే. మన సమాజమునకు చెందిన కుటుంబములలో బిడ్డలను అమెరికా విశ్వవిద్యాలయములకు పంపినవారు నేడు పలువురు కలరు. పంప నెంచుచున్నవారు అంతకంటె ఎక్కువమంది. ఆ బిడ్డలు విమానమెక్కుటకు ఎంతో ముందే వారి మనస్సులలో ఒక అమెరికా కళాశాల వెలసి యుండును. విశాలమైన పచ్చిక బయలు, తీగలు ప్రాకిన ఎర్ర ఇటుకల గోడలు, మెట్లపై కూర్చుండి నవ్వుకొను యువతీయువకులు, మతిమరపు గల మంచి ఆచార్యుడు, శనివారమునాటి ఫుట్‌బాల్ పోటీ, అందలి కేరింతలు. ఈ చిత్రమును చాలవరకు గీసినది సినిమా. దానిని ఇంటింట గోడకు తగిలించినది టెలివిజన్.

ఆ టెలివిజన్ అమెరికాలో తన తొలి ముప్పది యేండ్లలో, అనగా 1939 మొదలు 1970 వరకు, కళాశాలను ఏ యే రూపములలో చూపినదో తెలుపుట ఈ వ్యాసోద్దేశము. ఈ చరిత్రను పరిశీలించునపుడు ఒక ప్రశ్నను దగ్గర నుంచుకొనుట మేలు. తెరపై కళాశాల లోపలి తోట కనబడినది సరే. దాని సింహద్వారము కనబడినదా? లోనికి పోగలిగినవారెవరు, వెలుపల నిలిచిపోయినవారెవరు అను సంగతి ఆ బొమ్మలలో ఎంతవరకు చేరినది?

మొట్టమొదట తెరకెక్కినది తరగతి గది కాదు, ఆటస్థలము. 1939 మే 17వ తేదీన న్యూయార్క్ నగరములోని బేకర్ ఫీల్డ్ మైదానమున కొలంబియా, ప్రిన్స్‌టన్ విశ్వవిద్యాలయముల బేస్‌బాల్ జట్లు తలపడినవి. ఎన్.బి.సి. సంస్థ తన ప్రయోగ కేంద్రము నుండి ఆ ఆటను ఒకే ఒక కెమెరాతో ప్రసారము చేసెను. పది ఇన్నింగ్సులు సాగిన ఆ పోటీలో ప్రిన్స్‌టన్ 2–1 తేడాతో గెలిచెను. అమెరికాలో టెలివిజన్ ద్వారా ప్రసారమైన మొదటి క్రీడ ఇదియే. అదే సంవత్సరము సెప్టెంబరు 30న ఫోర్డమ్, వేన్స్‌బర్గ్ కళాశాలల నడుమ జరిగిన ఫుట్‌బాల్ ఆటయు ప్రసారమయ్యెను. ఫోర్డమ్ 34–7తో నెగ్గెను. ఆనాడు సెట్లు గల ఇండ్లు బహు స్వల్పము. అయినను ఒక ఆచారము స్థిరపడెను. కళాశాల పేరు వినగానే సామాన్య గృహస్థునకు గ్రంథాలయముకంటె ముందు మైదానము తలపునకు వచ్చుట అప్పటినుండియే బలపడెను.

ఈ ప్రసారములను చూచి కళాశాలలు సంతోషించినంతగా భయపడినవి కూడ. ఇంట కూర్చుండి ఉచితముగా చూచువాడు మైదానమునకు వచ్చి టిక్కెట్టు కొనునా? అందుచే కళాశాలల క్రీడాసంఘమగు ఎన్.సి.ఏ.ఏ. 1951 నుండి ఫుట్‌బాల్ ప్రసారముల సంఖ్యకు కట్టడి విధించెను. ఆ కట్టడిని అమెరికా సుప్రీంకోర్టు 1984లో త్రోసివేయు వరకు ఏ ఆటను దేశము చూడవలెనో ఆ సంఘమే నిర్ణయించుచు వచ్చెను. ద్వారమును గూర్చిన చింత కళాశాలల పెద్దలకు మొదటినుండియు ఉన్నదన్నమాట. కాని అది అప్పటికి టిక్కెట్టు ద్వారము మాత్రమే.

ఇంతలో యుద్ధము వచ్చినది, పోయినది. సైన్యమునుండి తిరిగి వచ్చినవారి చదువునకు ప్రభుత్వమే ధనమిచ్చు శాసనము 1944లో వెలువడెను. ఆ సాయముతో సుమారు 22 లక్షలమంది మాజీ సైనికులు కళాశాలలలో చేరిరి. వ్యవసాయదారుల కొడుకులు, కార్ఖానా కూలీల కొడుకులు తమ వంశములో మొదటిసారిగా కళాశాల మెట్లెక్కిరి. టెలివిజన్ వ్యాప్తియు ఆ కాలముననే జరిగెను. 1950లో నూటికి 9 ఇండ్లలో ఉన్న సెట్టు 1960 నాటికి నూటికి 87 ఇండ్లలో వెలసెను. కళాశాలలలో చదువువారి సంఖ్య 1959లో 36 లక్షలుండగా 1969 నాటికి 80 లక్షలయ్యెను. తల్లిదండ్రులకు కళాశాల యనగా నేమో తెలియని ఇండ్లు లక్షలు. ఆ ఇండ్లన్నిటిలోను తెలియజెప్పుటకు ఒక పెట్టె సిద్ధముగా ఉండెను. అది ఏమి చెప్పెను?

మొదట అది నవ్వించెను. కే కైజర్ అను వాద్యబృంద నాయకుడు ఆచార్యుల నల్లని అంగీ, చదరపు టోపీ ధరించి, పాటలను గూర్చి ప్రశ్నలడుగు ఒక వినోద ‘కళాశాల’ను రేడియోలో నడిపి, 1949లో దానిని టెలివిజన్‌కు తెచ్చెను. తరువాత కథలు వచ్చినవి. 1953లో సి.బి.ఎస్. సంస్థ ప్రారంభించిన హాస్య ధారావాహికలో ప్రసిద్ధ నటుడు రే మిలండ్ ఒక స్త్రీల కళాశాలలోని ఆంగ్లోపన్యాసకుడు. ఆడపిల్లల నడుమ తికమకపడు ఆచార్యుడు కొంతకాలము నవ్వించెను గాని, రెండవ సంవత్సరమున నిర్మాతలు అతని పేరును కొంత మార్చి, స్త్రీపురుషులు కలిసి చదువు వేరొక విద్యాలయమునకు బదిలీ చేసిరి. మన కార్యాలయములలో సైతము బదిలీకి ఇంత తేలికగా ఆజ్ఞలు వెలువడవు!

వీనిలో మర్యాద గలది ‘హాల్స్ ఆఫ్ ఐవీ’. రేడియోలో 1950 నుండి 1952 వరకు నడచిన ఈ నాటకము 1954–55లో సి.బి.ఎస్. టెలివిజన్‌పై వచ్చెను. ఆంగ్లేయ నటుడు రోనాల్డ్ కోల్మన్ ఐవీ అను చిన్న ఊరిలోని కళాశాలకు అధ్యక్షుడు. అతని భార్యయగు బెనిటా హ్యూమ్ ఆ కథలోను భార్యయే, పూర్వాశ్రమమున రంగస్థల నటి. కళాశాలకు నిధులిచ్చు ధనవంతుల పట్టుదలలు, విద్యార్థుల కష్టములు, అధ్యక్షుని నిదానమైన చతుర సంభాషణ దాని సొమ్ములు. పెద్ద కేకలు, పరుగులు లేవు. బహుశః ఆ కారణముచేతనే అది టెలివిజన్‌పై ఒక్క సంవత్సరమునకు మించి నిలువలేదు. చెవికి ఇంపైన సంభాషణ కంటికి చాలదని నిర్మాతలు గ్రహించిరి.

విద్యార్థిని కథానాయకునిగా నిలిపినది ‘ది మెనీ లవ్స్ ఆఫ్ డోబీ గిల్లిస్’. మాక్స్ షుల్మన్ కథల ఆధారముగా 1959 నుండి 1963 వరకు సి.బి.ఎస్.లో నడచిన ఈ ధారావాహికలో డోబీ ఒక కిరాణా వర్తకుని కొడుకు. వలచిన ప్రతి కన్యయు ధనవంతుని కోరును. డోబీ వద్ద ధనము లేదు. అతని స్నేహితుడు మేనార్డ్ గడ్డము పెంచి, డ్రమ్ము వాయించి, ‘పని’ యను మాట వినినంతనే ఉలికిపడును. ఆ కాలపు బీట్నిక్ యువకులను చాలమంది గృహస్థులు మొదట చూచినది ఈ మేనార్డ్ రూపముననే. ఉన్నత పాఠశాల ముగించి, కొంతకాలము సైన్యములో గడిపి, ఈ మిత్రులిద్దరును తమ ఊరి జూనియర్ కళాశాలలో చేరిరి.

ఇందొక సత్యము ఉన్నది. తీగలు ప్రాకిన గోడలు గల విద్యాపీఠము కాక, ఇంటినుండి వెళ్లి వచ్చి చదువుకొను రెండేండ్ల చిన్న కళాశాల తెరకెక్కినది. కిరాణా వర్తకుని కొడుకునకు నిజముగా అందుబాటులో నున్నది అదియే. డోబీని వదలక వెంబడించు తెలివైన పిల్ల జెల్డా పాత్రను ధరించిన షీలా జేమ్స్ తరువాత షీలా క్యూల్ అను పేరుతో హార్వర్డ్‌లో న్యాయశాస్త్రము చదివి, 1994లో కాలిఫోర్నియా శాసనసభకు ఎన్నికయ్యెను. కథలో జెల్డా తెలివి నవ్వులకు మాత్రమే పనికి వచ్చెను. ఆ పాత్రధారిణి తెలివి ప్రజలకు పనికి వచ్చెను.

ద్వారమును సూటిగా చూపిన కథ ఒక్కటి గలదు. 1965–66లో ఎన్.బి.సి. ప్రసారము చేసిన ‘హాంక్’. తలిదండ్రులు లేని యువకుడొకడు చెల్లెలిని పోషించుచు, విద్యాలయ ప్రాంగణమున చిల్లర వ్యాపారములు చేయుచు, ఆనాడు తరగతికి రాని విద్యార్థుల పేర్లతో లోన ప్రవేశించి దొంగతనముగా పాఠములు వినుచుండును. చదువును దొంగిలించు ఈ దొంగను పట్టుకొనుటకు రిజిస్ట్రారు వెంటబడుచుండును. ప్రేక్షకులకు అది పరుగుల హాస్యము. కాని నవ్వు చల్లారిన పిమ్మట ఆలోచించినవారికి, రుసుము చెల్లించలేనివాడు చదువుకొనుటయే నేరమైన స్థితి అందు కనబడక మానదు. చివరి ప్రసారమున హాంక్ న్యాయముగా విద్యార్థి యయ్యెను. కథను మధ్యలో విడువక ఇట్లు ముగించుట ఆ కాలపు హాస్య ధారావాహికలలో అరుదు.

ప్రశ్నోత్తర పోటీల చరిత్రలో ఈ ద్వారము వేరొక విధముగా అడ్డు వచ్చెను. 1956లో ‘ట్వంటీ వన్’ అను ధనము గెలుచు పోటీలో హెర్బర్ట్ స్టెంపెల్ అను మాజీ సైనికుడు వారము వెంబడి వారము గెలుచుచుండెను. అతడు న్యూయార్క్‌లోని సిటీ కళాశాల విద్యార్థి. అది పేదల బిడ్డలు బోధన రుసుము లేకుండ చదువుకొనిన విద్యాలయము. పేదవాడుగా కనబడుటకై అతనిచే కురుచ జుట్టు, సరిపడని సూటు ధరింపజేసినవారు నిర్మాతలే. తరువాత ప్రేక్షకులకు వేరొక ముఖము కావలెనని తోచి, కొలంబియా విశ్వవిద్యాలయములో ఉపన్యాసకుడును, ప్రసిద్ధ కవి కుమారుడును అగు చార్లెస్ వాన్ డోరెన్‌ను తెచ్చిరి. డిసెంబరులో స్టెంపెల్‌ను తప్పు సమాధానము చెప్పి ఓడుమనిరి. 1955 సంవత్సరపు ఉత్తమ చిత్రమేదన్న ప్రశ్నకు అతనికి సమాధానము బాగుగ తెలియును. అయినను తప్పు చెప్పెను. వాన్ డోరెన్ 1,29,000 డాలర్లు గెలిచి దేశమంతట పండితునిగా పూజలందుకొనెను. ప్రశ్నలకు సమాధానములు తనకు ముందే అందినవని 1959 నవంబరు 2న కాంగ్రెసు ఉపసంఘము ఎదుట అతడే ఒప్పుకొనెను. అతని ఉద్యోగము పోయెను. పేద కళాశాల విద్యార్థి ఓడవలెను, పెద్ద విశ్వవిద్యాలయపు పెద్దింటి బిడ్డ గెలువవలెను అన్నది ఆ నిర్మాతలు ఎంచుకొనిన కథ.

ఈ అపకీర్తి చెలరేగుచున్న కాలముననే, 1959 జనవరిలో, జనరల్ ఎలక్ట్రిక్ కంపెనీ ఖర్చుతో ‘కాలేజ్ బౌల్’ సి.బి.ఎస్.లో ప్రారంభమయ్యెను. డాన్ రీడ్ కల్పించిన ఈ పోటీ 1953 నుండి రేడియోలో ఉన్నదే. ఒక్కొక్క కళాశాల నుండి నలుగురు విద్యార్థులు. ముందుగా గంట నొక్కినవానికి పది మార్కుల ప్రశ్న. సరిగా చెప్పిన జట్టునకు అదనపు ప్రశ్నలు. ఐదు వారములు వరుసగా గెలిచిన జట్టు ఓటమి యెరుగక విరమించును. బహుమానము విద్యార్థి వేతనముల నిధికి పోవును గాని ఆడినవారి జేబులలోనికి పోదు. తొలుత అలెన్ లడెన్, 1962 నుండి రాబర్ట్ ఎర్ల్ ప్రశ్నకర్తలుగా ఉండిరి. 1963లో ఎన్.బి.సి.కి మారి, 1970 వరకు నడచెను.

ఫుట్‌బాల్ మైదానమున ఏనాడును ఒకరికొకరు ఎదురు పడని కళాశాలలు ఇచ్చట సమానముగా కూర్చుండెడివి. 1966లో జార్జియా రాష్ట్రములోని ఆగ్నెస్ స్కాట్ అను చిన్న స్త్రీల కళాశాల ప్రిన్స్‌టన్‌ను ఓడించెను. ప్రిన్స్‌టన్ తన పట్టభద్ర పూర్వ తరగతులలో స్త్రీలకు ప్రవేశమిచ్చినది 1969లోనే యని తలచినచో ఆ గెలుపు విలువ తెలియును. తమకు తలుపు తెరువని విద్యాపీఠమును ఆ బాలికలు దేశము చూచుచుండగా గెలిచిరి. ఇదే పోటీ ఇంగ్లండులో 1962 నుండి ‘యూనివర్సిటీ చాలెంజ్’ అయ్యెను. మన దేశమున 1985లో దూరదర్శన్‌లో సిద్ధార్థ బసు నడిపిన ‘క్విజ్ టైమ్’ను ఆదివారము నాడు ఇంటిల్లిపాది చూచిన జ్ఞాపకము మనలో పలువురకు నుండును. అందు సైతము పోటీపడినవారు కళాశాల విద్యార్థులే.

కళాశాలను కథగా, ఆటగా కాక, పాఠముగానే ఇంటికి పంపిన ప్రయత్నములు వేరుగా కలవు. బాల్టిమోర్‌లోని జాన్స్ హాప్కిన్స్ విశ్వవిద్యాలయము 1948లోనే లిన్ పూల్ నిర్వహణలో శాస్త్ర విషయముల ప్రసారమును ఆరంభించెను. దక్షిణ కాలిఫోర్నియా విశ్వవిద్యాలయపు ఆచార్యుడు ఫ్రాంక్ బాక్‌స్టర్ 1953 నుండి షేక్స్‌పియర్ నాటకములను తెరపై బోధించి, సినిమా తారలవలె బహుమతులు పొందెను. 1957 సెప్టెంబరులో న్యూయార్క్ విశ్వవిద్యాలయము ‘సన్‌రైజ్ సెమిస్టర్’ను ప్రారంభించెను. ఉదయము ఆరున్నర గంటలకు ఫ్లాయిడ్ జూలీ అను ఆచార్యుడు సాహిత్యము బోధించుచు, ఫ్రెంచి రచయిత స్టెండాల్ నవలతో ఆరంభింపగా, నగరములోని పుస్తకశాలలలో ఆ నవల ప్రతులన్నియు అమ్ముడుపోయెను. రుసుము చెల్లించి పరీక్ష వ్రాసినవారు కొందరు. వంటకు ముందు, పనికి ముందు కూర్చుండి ఊరక విన్నవారు వేలు. ఈ ప్రసారము 1982 వరకు నిలిచెను.

1957 అక్టోబరులో రష్యావారు స్పుత్నిక్‌ను ఆకాశమున నిలుపగా అమెరికా విద్యావేత్తలకు కలవరము కలిగెను. ఒక సంవత్సరము తిరిగినంతనే, 1958 అక్టోబరులో, ఎన్.బి.సి. ‘కాంటినెంటల్ క్లాస్‌రూమ్’ అను పేర భౌతికశాస్త్ర పాఠములను దేశమంతట ప్రసారము చేసెను. బర్క్‌లీ ఆచార్యుడు హార్వీ వైట్ ముఖ్య బోధకుడు. పాఠశాలలలో సైన్సు చెప్పు ఉపాధ్యాయులు ముఖ్య శ్రోతలు. ఈ ప్రయత్నమునకు తోడ్పడిన ఫోర్డ్ ఫౌండేషన్ సాయముతోనే 1961లో ఢిల్లీ పాఠశాలలకు టెలివిజన్ పాఠములు ఆరంభమైన సంగతి ఈ నగరమున పనిచేసినవారు గుర్తుంచుకొనదగినది. వినోదములు కళాశాల తోటను చూపగా, ఈ తెల్లవారుజాము పాఠములు ఆ తోటలోని ఫలమును వెలుపలివారికి అందించినవి.

అయినను ఇంతవరకు చెప్పిన కథలలో, హాస్యములలో ముఖ్యపాత్రలందరు తెల్లవారే. దేశములో ఏ రంగువాడు ఏ కళాశాలలో చేరవలెనను విషయమై న్యాయస్థానములలో పోరాటము సాగుచుండగా, డోబీ చదివిన కళాశాలకు ఆ వార్త చేరలేదు. దానిని ఇండ్లకు తెచ్చినది వార్తల కెమెరా. 1962 సెప్టెంబరు 30 రాత్రి మిసిసిపీ విశ్వవిద్యాలయమున జేమ్స్ మెరెడిత్ అను నల్లజాతి యువకుని ప్రవేశమునకు వ్యతిరేకముగా అల్లర్లు చెలరేగి ఇద్దరు మరణించిరి. వైమానిక దళమున సేవచేసి వచ్చిన ఆ యువకునికి కోర్టు ఆజ్ఞ ఉన్నను సైన్యము అండగా రావలసి వచ్చెను. అదే రాత్రి అధ్యక్షుడు కెన్నెడీ టెలివిజన్‌లో దేశమునకు శాంతిబోధ చేయుచుండెను. మరునాడు మెరెడిత్ విద్యార్థిగా నమోదయ్యెను.

1963 జూన్ 11న అలబామా గవర్నరు జార్జ్ వాలెస్ విశ్వవిద్యాలయపు ద్వారమున తానే అడ్డముగా నిలువబడెను. ఇచ్చట ద్వారము అన్నమాట అలంకారము కాదు. నిజమైన తలుపు, నిజమైన గడప. కెమెరాలు చూచుచుండగా సైనికాధికారి వచ్చి తొలగుమని కోరగా ఆయన తొలగెను. వివియన్ మలోన్, జేమ్స్ హుడ్ అను ఇద్దరు విద్యార్థులు లోన చేరిరి. ఆ సాయంకాలమే కెన్నెడీ పౌరహక్కుల శాసనము తెత్తునని టెలివిజన్‌లో ప్రకటించెను. అది 1964లో శాసనమయ్యెను. 1965లో వివియన్ మలోన్ ఆ విశ్వవిద్యాలయపు మొదటి నల్లజాతి పట్టభద్రురాలు అయ్యెను.

ఒక విచిత్రమును గమనింపుడు. 1963 శరత్కాలమున ఏ.బి.సి. సంస్థ ‘చానింగ్’ అను కల్పిత కళాశాల నాటకమును ప్రారంభించెను. అందు యువ ఆచార్యుడు, వృద్ధ డీను విద్యార్థుల చిక్కులు తీర్చుచుందురు. అదే సంస్థ ఆ అక్టోబరులోనే అలబామా ఘట్టమును గూర్చి రాబర్ట్ డ్రూ తీసిన ‘క్రైసిస్’ అను యథార్థ చిత్రమును ప్రసారము చేసెను. ఒకే పెట్టెలో రెండు కళాశాలలు. కల్పిత కళాశాల ఒక్క సంవత్సరములో అంతరించెను. నిజమైనది నేటికిని చూపబడుచున్నది.

ఆ మీద కల్పన వెనుకబడి, వార్త ముందుకు నడచెను. 1964 డిసెంబరులో బర్క్‌లీ విద్యార్థులు వాక్ స్వాతంత్ర్యము కొరకు పరిపాలనా భవనమున బైఠాయింపగా సుమారు 800 మంది అరెస్టయిరి. 1970 మే 4న ఒహాయోలోని కెంట్ విశ్వవిద్యాలయమున సైనికుల తుపాకులకు నలుగురు విద్యార్థులు బలియైరి. దేశము దిగ్భ్రమ చెందెను. పదునొకండు దినముల తరువాత మిసిసిపీలోని జాక్సన్ అను నల్లజాతి కళాశాలయందు పోలీసు కాల్పులలో ఇద్దరు యువకులు మరణించిరి. దానిని దేశము అంతగా పట్టించుకొనలేదు. వార్తల కెమెరాకు సైతము తన ద్వారములు కలవు! నల్లజాతి కళాశాలను సొంత ఇల్లుగా చూపిన ‘ఎ డిఫరెంట్ వరల్డ్’ హాస్య ధారావాహిక ఎన్.బి.సి.పై ప్రారంభమైనది 1987లో.

ఈ చరిత్ర మనకేల యని కొందరు అడుగవచ్చును. 1959 సెప్టెంబరు 15న ఢిల్లీలో టెలివిజన్ ఆరంభమైననాడు మన దేశమున సైతము ఈ ప్రశ్నయే నిలిచెను: ఈ పెట్టె చదువును చూపునా, ఇచ్చునా? దానికి దొరికిన సమాధానములలో ఒకటి మన తెలుగునేలపై పుట్టినది. ఉద్యోగము చేయుచు, ఇల్లు నడుపుచు చదువుకొనగోరు వారికై 1982లో హైదరాబాదులో ఆంధ్రప్రదేశ్ సార్వత్రిక విశ్వవిద్యాలయము వెలసెను. మన దేశములో అట్టివానిలో అది మొదటిది. నేడది డాక్టర్ బి.ఆర్. అంబేద్కర్ పేరు ధరించి యున్నది. దాని మొదటి ఉపాధ్యక్షులు జి. రామిరెడ్డి గారు. 1985లో ఢిల్లీలో ఇందిరాగాంధీ జాతీయ సార్వత్రిక విశ్వవిద్యాలయమును స్థాపించినపుడు మొదటి ఉపాధ్యక్షులుగా పిలువబడినవారును వారే. 1971లో బోధన ఆరంభించి, రేడియో టెలివిజన్‌ల ద్వారా పాఠములు చెప్పిన ఇంగ్లండు సార్వత్రిక విశ్వవిద్యాలయము ఈ సంస్థలకు ఆదర్శము. పగలు గుమాస్తాగా పనిచేసి రాత్రి దీపము ముందు పట్టభద్రులైనవారు మన కార్యాలయములలోనే ఎందరు లేరు! హాంక్ వలె వారు దొంగతనముగా వినవలసిన పని లేకపోయినది.

కళాశాలను చూపుట వేరు, ఇచ్చుట వేరు. పచ్చిక బయళ్లను, తీగల గోడలను చూచి మురియు మన బిడ్డలకు, ఆ గడపను దాటుటకు ఒకనాడు సైన్యము కావలసి వచ్చినదనియు, ఒక పేద యువకుని తెలివి ఓడుటకు కొనబడినదనియు, తెల్లవారుజామున లేచి తెర ముందు పుస్తకము తెరచినవారు వేలమంది యుండిరనియు గూడ చెప్పుదము. అప్పుడు వారు ఆ ద్వారమున అడుగిడునపుడు తమకు తెరువబడిన తలుపు విలువను ఎరిగి అడుగిడుదురు.